కాంటా దాటిన ధాన్యానికి తరుగు ఎవరు పెట్టమన్నారు?

ప్రతి సీజనులోనూ పాలకులు ఒకే మాట చెబుతారు: చివరి గింజ వరకూ కొంటాం. ప్రతి సీజనులోనూ రైతుకు వినపడేది వేరే మాట: మిల్లులో లారీ దించుకోవడం లేదు, బస్తాకు రెండు కిలోలు ఒప్పుకోవాలి. ఈ రెండు మాటల మధ్య జరిగేదానికి అధికారులు 'నాణ్యత సమస్య' అని పేరు పెట్టారు. పత్రికలు కూడా అదే పేరు రాస్తున్నాయి. మేము ఆ పేరును ఒప్పుకోము. అసలు ప్రశ్న ధాన్యం ఎవరిదన్నది. కొనుగోలు కేంద్రంలో తేమ చూసి, కాంటా పెట్టి, సంచి కుట్టి, లారీకి ఎక్కించిన ధాన్యం రైతుదా, ప్రభుత్వానిదా? ప్రభుత్వానిదే అయితే దాని నాణ్యత గురించి మిల్లరుకు తగాదా వచ్చినప్పుడు రైతుకు ఫోను ఎందుకు వస్తోంది?

జరిగే తంతు మనందరికీ తెలిసిందే. అయినా ఒకసారి వరసగా చెప్పుకుందాం, ఎందుకంటే చట్టం ఈ వరస మీదే ఆధారపడి ఉంది. తెలంగాణలో ఐకేపీ మహిళా సంఘమో, సహకార సంఘమో కేంద్రం నడుపుతుంది. ఆంధ్రప్రదేశ్‌లో రైతు సేవా కేంద్రం. కల్లంలో ధాన్యం ఆరబోస్తాం, తూర్పార పడతాం, రోజుల తరబడి టార్పాలిన్ల కింద కాపలా ఉంటాం. తేమ మీటరు 17 లోపు చూపించాక కాంటా అవుతుంది. ట్రక్ షీట్ రాస్తారు. లారీ వెళ్తుంది. అక్కడితో మన పని అయిపోవాలి. కానీ మర్నాడు కేంద్రం నడిపే చెల్లెలు ఫోను చేస్తుంది: "అన్నా, మిల్లుల లారీ ఆపిన్రు. తేమ ఎక్కువుందంటున్రు. కిలోనో రెండు కిలోలో ఒప్పుకోకుంటే వాపసు తెచ్చుకోమంటున్రు. నేనేం చేయాలె?" ఆ చెల్లెలి తప్పు ఇందులో ఏమీ లేదు. ఆమె మీద కోప్పడి లాభం లేదు. లారీ కిరాయి పెరుగుతోంది, మబ్బు పడుతోంది, అప్పిచ్చినాయన ఇంటి ముందున్నాడు. ఒప్పుకుంటాం. మిల్లరు ఒప్పుకున్న తూకమే ట్యాబ్‌లో ఎక్కుతుంది, దానికే డబ్బు పడుతుంది. తగ్గిన ధాన్యం ఎక్కడా ఏ కాగితంలోనూ ఉండదు.

ఆ లేని ధాన్యం లెక్క మేమే వేసి చూశాం. ఈ 2025-26 సీజనుకు సాధారణ రకం వడ్లకు మద్దతు ధర క్వింటాలుకు 2,369 రూపాయలు. ఏ గ్రేడుకు 2,389. నలభై కిలోల బస్తాలు 600 ఎక్కిన లారీలో బస్తాకు రెండు కిలోల చొప్పున తీస్తే 12 క్వింటాళ్ళు. అంటే 28,428 రూపాయలు. ఒక్క లారీకి. గోనెసంచి బరువు పేరుతో తీసేది ఇందులో లేదు. ఖాళీ గోనె బరువు 580 గ్రాములైతే కిలో తీసే చోట్లున్నాయి, అది వేరే.

తేమ పేరుతో చేసే లెక్క

మొదట ప్రమాణాలేమిటో చూద్దాం. ఇవి దాచిన రహస్యాలు కావు. కేంద్ర ప్రభుత్వం ప్రతి సీజనుకూ ఏకరూప నాణ్యతా ప్రమాణాలు ప్రకటిస్తుంది, కొనుగోలు కేంద్రంలో ఫ్లెక్సీ మీద కూడా రాసి ఉంటాయి. మట్టి, రాళ్ళు ఒక శాతం. తాలు, గడ్డి, కలుపు గింజలు ఒక శాతం. చెడిపోయిన, రంగు మారిన, మొలకెత్తిన, పురుగు పట్టిన గింజలు ఐదు శాతం. పాలు పోసుకోని, ముడుచుకుపోయిన గింజలు మూడు శాతం. తక్కువ రకం కలిస్తే ఆరు శాతం. తేమ 17 శాతం. నమూనా ఎలా తీయాలో భారతీయ ప్రమాణాల సంస్థ వారి ఐఎస్ 14818 చెబుతుంది, ఎలా పరీక్షించాలో ఐఎస్ 4333 చెబుతుంది. విష గింజలు ఎంతవరకు ఉండవచ్చో కూడా విడిగా రాశారు. ఉమ్మెత్త గింజలకు పరిమితి 0.025 శాతం. అంటే క్వింటాలుకు పాతిక గ్రాములు! ఉమ్మెత్త గింజను గ్రాముల్లో తూచగల ప్రభుత్వానికి మన బస్తాలో పోతున్న రెండు కిలోలు కనపడడం లేదు.

ఈ ప్రమాణాల్లో ఎక్కడా 'తరుగు' అన్న మాట లేదు. మిల్లరు తనకు తోచినంత తీసుకోవచ్చన్న వాక్యమూ లేదు.

ఇక తేమ. వడ్లలో తేమ రెండు పాయింట్లు ఎక్కువ ఉందనుకుందాం, 17కు బదులు 19. నిజంగా ఎంత తగ్గించాలి? నూరు కిలోల వడ్లలో 19 కిలోలు నీరు, 81 కిలోలు గింజ. అదే గింజ 17 శాతం తేమతో ఉంటే బరువు 97.6 కిలోలు. తేడా క్వింటాలుకు 2.4 కిలోలు. నలభై కిలోల బస్తాకు కిలో కూడా కాదు. బస్తాకు రెండు కిలోలు తీయడం న్యాయం కావాలంటే ఆ ధాన్యంలో సుమారు 21 శాతం తేమ ఉండాలి. కేంద్రంలో 17 చూపించిన మీటరు, రాత్రంతా లారీ మీద ఎండకు గాలికి ఉన్నాక మిల్లులో 21 చూపిస్తుందా? దారిలో వానకు తడిస్తే చూపించవచ్చు. మరి టార్పాలిన్ కప్పాల్సిన బాధ్యత ఎవరిది? రవాణా కాంట్రాక్టరును పెట్టింది రైతు కాదు.

లెక్క తిరగేసి కూడా చూడండి. యాసంగిలో, ఏప్రిల్ మే నెలల ఎండకు మన వడ్లు 14 శాతానికి, ఒక్కోసారి 12 శాతానికి దిగుతాయి. 14 శాతం తేమ ఉన్న నూరు కిలోల వడ్లు 17 శాతం వడ్లతో పోలిస్తే 103.6 కిలోలకు సమానం. 12 శాతం అయితే 106 కిలోలు. అంటే బాగా ఆరబెట్టిన రైతు క్వింటాలుకు మూడున్నర నుంచి ఆరు కిలోల వరకు అదనంగా ఇస్తున్నాడు. ఈ మొత్తానికి ఎప్పుడైనా ఎవరికైనా ఒక్క రూపాయి ఎక్కువ వచ్చిందా? తేమ ఎక్కువైతే తూకంలో తీయడం, తక్కువైతే మౌనంగా ఉండడం! దీన్ని నాణ్యత నియమం అనరు. ఒకవైపే మొగ్గే త్రాసు అంటారు.

పైగా ఆరుదలకు లెక్క ముందే ఉంది. ధాన్యం కొని బియ్యం చేసి ఇచ్చినందుకు కేంద్రం రాష్ట్రాలకు చెల్లించే ఖర్చుల పట్టికలో హమాలీకి, గోనెసంచికి, రవాణాకు, మిల్లింగుకు వేర్వేరు పద్దులున్నట్టే ఎండుతరుగుకూ ఒక పద్దు ఉంటుంది. ఆ నష్టానికి ప్రజల డబ్బు ఒకసారి చెల్లిస్తున్నారు. రైతు దగ్గర మళ్ళీ తీసుకుంటే అది రెండోసారి వసూలు.

మిల్లరు తగాదా ఎవరితో?

మిల్లర్లకు బాధ లేదని మేము అనడం లేదు. ఉంది. భారత ఆహార సంస్థ నూరు కిలోల వడ్లకు పచ్చి బియ్యమైతే 67 కిలోలు, ఉప్పుడు బియ్యమైతే 68 కిలోలు అడుగుతుంది. పచ్చి బియ్యంలో నూకలు 25 శాతం, ఉప్పుడు బియ్యంలో 16 శాతం దాటకూడదంటుంది. తెలంగాణ యాసంగి వడ్లు ఎండ తీవ్రతకు పగులు పడతాయి, పచ్చిగా మరపడితే నూకలు ఎక్కువ వస్తాయి. అందుకే ఏళ్ళ తరబడి వాటిని ఉప్పుడు బియ్యం చేశారు. 2021లో కేంద్రం ఉప్పుడు బియ్యం ఇక వద్దంది. ఇకపై ఇవ్వబోమని రాష్ట్రమూ రాసిచ్చింది. తరువాత ఇద్దరూ ఒకరి మీద ఒకరు ధర్నాలు చేసుకున్నారు. 2022 ఏప్రిల్లో రాష్ట్ర ప్రభుత్వమే ఢిల్లీ వెళ్ళి కూర్చుంది. ఆ రోజుల్లో 'వరి వేస్తే ఉరి' అన్న మాట మన చెవుల్లో ఇంకా ఉంది. నూకల నష్టం ఎవరు భరించాలన్నది ఢిల్లీకీ హైదరాబాదుకూ మధ్య తగాదా, లేదా హైదరాబాదుకూ మిల్లరుకూ మధ్య తగాదా. అది తేలకపోతే మాత్రం ముగ్గురికీ దొరికేది రైతే.

ఇక్కడ ఒక తేడా గమనించండి. మిల్లరుకూ పౌరసరఫరాల సంస్థకూ మధ్య ఒప్పంద పత్రం ఉంది. సంస్థకూ భారత ఆహార సంస్థకూ మధ్య నిబంధనలున్నాయి. మిల్లరు ఇచ్చిన బియ్యం తిరస్కరణ పరిమితి దాటిందంటే కారణం కాగితం మీద ఉంటుంది, ఏ గుణంలో ఎంత శాతం దాటిందో అంకెలుంటాయి, మార్చి ఇవ్వడానికి గడువుంటుంది, నచ్చకపోతే కోర్టుకు వెళ్ళే దారి ఉంటుంది. వాళ్ళు వెళ్తున్నారు కూడా. బకాయి బియ్యం రాబట్టడానికి రెవెన్యూ రికవరీ నోటీసులు ఇస్తే మిల్లర్లు హైకోర్టు తలుపు తడతారు, స్టే తెచ్చుకుంటారు. తప్పు పట్టడం లేదు, అది వాళ్ళ హక్కు. ఈ గొలుసులో కాగితం లేనిది ఒక్క రైతుకే. మన ధాన్యాన్ని తిరస్కరించడానికి ఒక ఫోను కాల్ చాలు.

కుళ్ళిన ధాన్యం కొనేవాడికి కూడా మన కంటే ఎక్కువ మర్యాద దొరికింది. భారత ఆహార సంస్థ చెడిపోయిన ధాన్యాన్ని టెండరు పెట్టి అమ్మబోతే, అధిక ధర వేసినా తనకు ఇవ్వలేదని కామధేను అనే పశువుల దాణా సంస్థ కోర్టుకు వెళ్ళింది. ఆ కేసు సుప్రీంకోర్టు దాకా నడిచింది. 1992లో వచ్చిన తీర్పు దాణా సంస్థకు అనుకూలంగా రాలేదు. అయినా అందులో కోర్టు ఒక సూత్రం స్థిరంగా చెప్పింది. ప్రభుత్వ సంస్థ వ్యాపారం చేస్తున్నా ఇష్టం వచ్చినట్టు నడుచుకోవడానికి వీల్లేదు, ఎదుటివాడి న్యాయమైన ఆశను లెక్కలోకి తీసుకుని నడవాలి, అది రాజ్యాంగం 14వ అధికరణ పెట్టిన బాధ్యత. చెడిన ధాన్యం కొనేవాడికి వర్తించే ఈ న్యాయం మంచి ధాన్యం అమ్మేవాడికి ఎందుకు వర్తించదు?

చట్టం ఏమంటోంది

సరుకుల విక్రయ చట్టం 1930 నాటిది. ఉల్లిగడ్డలకైనా ఉక్కుకైనా అదే చట్టం, వడ్లకు మినహాయింపు లేదు. దాని 22వ సెక్షను ప్రకారం ధర తేల్చడానికి సరుకును తూచడమో పరీక్షించడమో అమ్మేవాడి వంతుగా మిగిలి ఉంటే, ఆ పని పూర్తయి కొనేవాడికి తెలిసేదాకా సరుకు అతని పరం కాదు. మన విషయంలో తేమ పరీక్షా కాంటా రెండూ కొనేవాడి కేంద్రంలో, కొనేవాడి మనిషి చేతుల మీదుగా, కొనేవాడి మీటరుతో అవుతున్నాయి. ఆ రెండూ అయ్యాక మిగిలిందేమిటి? 41వ సెక్షను కొనేవాడికి సరుకు పరీక్షించుకునే అవకాశం ఇవ్వాలంటుంది. ఇచ్చాం, రోజుల తరబడి కల్లంలో పోసి ఇచ్చాం. 42వ సెక్షను ప్రకారం సరుకు అందాక కొనేవాడు సొంతదారులా వ్యవహరిస్తే దాన్ని అంగీకరించినట్టే. సంచుల్లోకి ఎత్తి, కుట్టి, తన లారీలో తన మిల్లుకు పంపడం సొంతదారు పని కాకపోతే మరేమిటి? 26వ సెక్షను ప్రకారం, వేరే ఒప్పందం లేనప్పుడు, సరుకు ఎవరి పరమైతే నష్టభయమూ వారిదే. దారిలో తడిసినా, మిల్లు గేటు ముందు నాలుగు రోజులు ఆగినా అది కొన్నవాడి లెక్క.

కేంద్రం నడిపేది మహిళా సంఘం కదా, ప్రభుత్వం కాదు కదా అని ఒక అధికారి మాతో వాదించాడు. 1872 నాటి కాంట్రాక్టు చట్టం 226వ సెక్షను దీనికి జవాబు. ఏజెంటు చేసిన ఒప్పందం యజమాని చేసినట్టే. కమీషను ఇచ్చి తన పేరున కొనమన్న పౌరసరఫరాల సంస్థ ఇప్పుడు చేతులు దులుపుకోలేదు.

'రైతు ఒప్పుకున్నాడు' అన్నది ఇంకో వాదన. లారీ వెనక్కి పంపుతామని బెదిరించి తీసుకున్న ఒప్పుకోలుకు ఏమి విలువ? ఒకరి చేతుల్లో ఒకరు ఇరుక్కున్నప్పుడు, బలవంతుడు ఆ స్థితిని వాడుకుని అన్యాయమైన లాభం పొందితే దాన్ని అదే చట్టంలోని 16వ సెక్షను అనుచిత ప్రాబల్యం అంటుంది. అలాంటి ఒప్పందాన్ని నష్టపోయినవాడు రద్దు చేయమనవచ్చు.

ఇక తూకం. లీగల్ మెట్రాలజీ చట్టం 2009, 30వ సెక్షను. ఏదైనా సరుకు కొంటూ, డబ్బు చెల్లించిన దానికంటే ఎక్కువ తూకాన్ని మోసంతో తీసుకోవడం నేరం. కిరాణా కొట్టులో పావు కిలో చక్కెర తగ్గితే తూనికల అధికారి కేసు రాస్తాడు. నలభై కిలోలకు డబ్బిచ్చి నలభై రెండు తూచుకునేవాడి మీద కేసు రాసిన సందర్భం మీ మండలంలో ఉందేమో కనుక్కోండి.

ఇన్ని చట్టాలుండి ఒక్క రైతు కూడా ఎందుకు గెలవడం లేదు? దీనికి కారణం మన చేతకానితనం అనుకోవద్దు. మొదటిది, మనకు కాగితం లేదు. కేంద్రంలో తేమ 16.5 ఉందని చూపే సంతకం ఉన్న చీటీ లేకపోతే ఏ న్యాయవాది ఏమి వాదిస్తాడు? రెండోది, మనకంటూ ఒక వేదిక లేదు. వినియోగదారుల ఫోరం కొనేవాడి కోసం పెట్టింది, అమ్మిన మనం అక్కడ వినియోగదారులం కాము. సివిల్ కోర్టుకు వెళ్ళాలంటే ప్రభుత్వానికి రెండు నెలల ముందు నోటీసు, ఆ తరువాత ఏళ్ళు. మూడు వేల రూపాయల నష్టానికి పది వేల ఖర్చు. ఈ లెక్క తెలిసే వాళ్ళు కిలో, రెండు కిలోలు చొప్పున తీస్తున్నారు. ఒక్కొక్కరి దగ్గర కోర్టుకు వెళ్ళలేనంత తక్కువ. అందరి దగ్గరా కలిపితే మేడలు కట్టేంత.

2020లో తెచ్చిన మూడు వ్యవసాయ చట్టాల్లో వ్యాపార చట్టం ఇంకా ఒక అడుగు ముందుకు వేసింది. ధాన్యం తగాదాలు సబ్ డివిజనల్ మేజిస్ట్రేట్ దగ్గరే తేల్చుకోవాలి, సివిల్ కోర్టులకు వీటితో సంబంధం లేదని రాసింది. ఢిల్లీ సరిహద్దుల్లో ఏడాది పాటు చలికీ ఎండకూ కూర్చున్న రైతులు ఆ చట్టాన్ని రద్దు చేయించారు. 2021లో అది పోయింది. మూసిన తలుపు తెరిపించాం సరే, తలుపు లోపల మనకు గది మాత్రం ఎవరూ కట్టలేదు.

చెరకు రైతును చూడండి. 1966 నాటి చెరకు నియంత్రణ ఉత్తర్వు ప్రకారం ఫ్యాక్టరీ 14 రోజుల్లో డబ్బు ఇవ్వాలి, ఆలస్యమైతే ఏడాదికి 15 శాతం వడ్డీ. అమలు అధ్వానంగా ఉందని చెరకు రైతులే చెబుతారు. అయినా అడగడానికి ఒక అక్షరం ఉంది. వడ్ల మద్దతు ధరకు ఆ అక్షరం కూడా లేదు. అది ప్రభుత్వ ప్రకటన మాత్రమే. ధరకే చట్టం లేకపోతే ధర తగ్గించే తరుగును ఏ చట్టంతో కొలవాలి? మద్దతు ధరకు చట్టబద్ధత కావాలన్న మన పాత డిమాండులో ఈ నాణ్యత తగాదా కూడా ఇమిడి ఉంది. 'ధర ఇస్తాం కానీ తూకం మేము చూసుకుంటాం' అనేవాడికి ఎంత ధర ప్రకటించినా నష్టం లేదు.

తడిసిన ధాన్యం మాటేమిటి? 2023 డిసెంబరులో మిచాంగ్ తుపాను బాపట్ల దగ్గర తీరం దాటినప్పుడు, 2025 అక్టోబరు చివర మొంథా వచ్చినప్పుడు మంత్రులు పొలాల్లోకి దిగి తడిసిన ధాన్యమూ కొంటామన్నారు. మాట మంచిదే. కానీ రంగు మారిన గింజల పరిమితి ఐదు శాతం దగ్గరే ఉండిపోతే మిల్లరు ఆ మాటను ఎందుకు వింటాడు? సడలింపు కాగితం మీద రావాలి. వస్తుంది కూడా, అడిగేవాడు గట్టిగా అడిగితే. 2022లో వేసవి వడగాలులకు గోధుమ గింజ ముడుచుకుపోతే, ముడుచుకున్న గింజల పరిమితిని ఆరు శాతం నుంచి 18 శాతానికి పెంచారు, పంజాబ్, హర్యానా రైతులకు ధరలో కోత లేకుండా. తమిళనాడు డెల్టాలో వానలు పడితే తేమ పరిమితిని 17 నుంచి 19కి పెంచారు. ప్రమాణం దేవుడు రాసిన రాత కాదు, మనుషులు మార్చగలిగిందే. మన దగ్గర మాత్రం మంత్రి గట్టు మీద మాట్లాడి వెళ్తాడు, ఉత్తర్వు రాదు, ఆ ఖాళీని తరుగుతో పూడుస్తారు.

నాణ్యత గురించి ప్రభుత్వానికి అంత పట్టింపు ఉంటే తన గోదాముల సంగతి కూడా చెప్పాలి. 2010 ఆగస్టులో సుప్రీంకోర్టు, ధాన్యం ఆరుబయట కుళ్ళబెట్టే బదులు ఆకలితో ఉన్నవారికి పంచండని చెప్పాల్సి వచ్చింది. అది సలహా కాదు, ఆదేశమని అదే నెలలో మళ్ళీ స్పష్టం చేయాల్సి వచ్చింది. దగ్గరి ముచ్చట కావాలంటే, 2022-23 యాసంగిలో మన దగ్గర కొన్న వడ్లు మిల్లుల్లోనే పేరుకుపోతే 2024లో తెలంగాణ ప్రభుత్వం 35 లక్షల టన్నులను వేలానికి పెట్టింది. వాటిని మన దగ్గర తీసుకునేటప్పుడు బస్తా బస్తాకూ నాణ్యత పేరుతో కోత పెట్టారు. మిల్లుల్లో ఏడాది మురిగినందుకు ఎవరి జీతంలో ఎంత కోత పెట్టారో చెప్పగలరా?

తాలూ మట్టీ కలిపి తెచ్చేవారు అసలే లేరా అని అడుగుతారు. ఉంటే కేంద్రంలోనే ఆపండి. తూర్పారపట్టే యంత్రం, ప్యాడీ క్లీనర్ పెట్టండి, శుభ్రం చేసుకుని రమ్మనండి. కాంటాకు ముందు ఎంత కఠినంగా చూసినా మాకు అభ్యంతరం లేదు. కాంటా తరువాత మాత్రం గ్రాము కూడా కదలడానికి వీల్లేదు. మా వాదన అంతా ఇదే.

కాబట్టి ప్రభుత్వాల ముందు మేము పెడుతున్న కోరికలు పెద్దవేమీ కావు. కాంటా అయిన క్షణంలో తేమ శాతం, తాలు శాతం, బస్తాల సంఖ్య, నికర తూకం రాసి కేంద్రం నిర్వాహకుల సంతకంతో రైతు చేతికి రశీదు ఇవ్వాలి, ఆ తూకానికే డబ్బు పడాలి. ప్రతి రాశి నుంచి రైతు ఎదుటే నమూనా తీసి సీలు వేసి, ఒకటి రైతుకు, ఒకటి కేంద్రంలో, ఒకటి లారీతో పంపాలి. మిల్లరుకు అభ్యంతరం ఉంటే రాతపూర్వకంగా, ఒక రోజు లోపల, పౌరసరఫరాల అధికారికి చెప్పుకోవాలి, రైతుకు కాదు. తగాదా వస్తే సీలు నమూనాను మిల్లుతో సంబంధం లేని చోట పరీక్షించాలి. తేమ మీటర్లకు సీజను మొదట్లో తూనికల శాఖ పరీక్ష జరిపి చీటీ అంటించాలి. చెల్లింపు ఆలస్యమైతే చెరకుకు ఉన్నట్టే వడ్డీ ఇవ్వాలి. ఇవన్నీ ఉత్తర్వుగా రావాలి, కలెక్టరు సమీక్షా సమావేశంలో నోటిమాటగా కాదు.

ఉత్తర్వు వచ్చేదాకా చేతులు కట్టుకుని ఉండమని మేము చెప్పడం లేదు. రాబోయే కోతల నుంచి సభ్యులందరూ ఈ పని మొదలుపెట్టాలి. మీటరు అంకె కనపడేలా, కాంటా అంకె కనపడేలా సెల్‌ఫోనులో ఫొటోలు తీయండి. ట్రక్ షీట్ ఫొటో తప్పనిసరి. మిల్లు నుంచి ఫోను వస్తే 'కాగితం మీద రాసి పంపండి' అని ఒకటే జవాబు ఇవ్వండి. ఒంటరిగా ఒప్పుకోవద్దు, ఆ కేంద్రంలో ధాన్యం పోసిన రైతులంతా కలిసి జవాబు చెప్పండి. తూకం తగ్గించి డబ్బు వేస్తే తహసీల్దారుకు, జిల్లా పౌరసరఫరాల అధికారికి, తూనికల శాఖకు మూడు ప్రతులు ఇచ్చి రశీదు తీసుకోండి.

సమాచార హక్కు చట్టాన్ని వాడండి. దాని కింద కాగితాలే కాదు, ప్రభుత్వ సంస్థ అధీనంలో ఉన్న వస్తువుల ధ్రువీకరించిన నమూనాలు కూడా అడిగే హక్కు 2వ సెక్షను 'జె'లో ఉంది. మీ లారీ దిగిన మిల్లులో ఆ రోజు రాసిన తేమ రిజిస్టరు నకలు, మీ ట్రక్ షీట్ రెండో ప్రతి అడగండి. ముప్పై రోజుల్లో ఇవ్వాలి. లేదని రాసిస్తే మరీ మంచిది. రిజిస్టరే లేనివాడు తేమ ఎక్కువని ఎలా అన్నాడన్నది కోర్టులో మొదటి ప్రశ్న అవుతుంది.

అమ్మిన సరుకు డబ్బు రాబట్టుకోవడానికి చట్టం మూడేళ్ళ గడువు ఇస్తుంది. అంటే గత రెండు మూడు సీజన్లలో పోయినదానికీ దావా వేయవచ్చు. ఒక్కొక్కరం వెళ్తే ఖర్చే మిగులుతుంది కాబట్టి ఒకే కేంద్రంలో ఒకే మిల్లుకు పోసిన రైతుల దావాలన్నీ కలిపి నడపాలని మా న్యాయ సలహాదారులు చెప్పారు. మండల కమిటీలు ఈ నెలలోనే ఊరూరా తిరిగి ట్రక్ షీట్లు, బ్యాంకు పాసుపుస్తకం పేజీలు, కాంటా చీటీలు సేకరించాలి. నకళ్ళే ఇవ్వండి, అసలు కాగితాలు మీ దగ్గరే ఉంచుకోండి. ఒక్క చీటీ ఉన్నా తీసుకురండి, నలిగినా పరవాలేదు.